ఆఖరి మంచి బొమ్మ

అతన్ని ఆఫీసులో అందరూ అతుకులాయన అంటారు. వెక్కిరింపుకి పెట్టిన పేరే అయినా లోలోపల అతనికి గర్వంగానే ఉండేది. పదకొండేళ్ళుగా తిండీ నిద్రా మాని పెంచుకొచ్చిన పని మరి.

ఆ పని ఒక లైబ్రరీ. పుస్తకాలది కాదు. ఒకచోట కెమెరా చూసిందీ మైకు విన్నదీ అప్పటికప్పుడు ఇంకోచోటి తెరకు చేరవేసే కంప్యూటరు ప్రోగ్రాము ఫైళ్ళ కట్ట. వీడియో ఫోన్లు తయారుచేసేవాళ్ళూ, ఇంటి కెమెరాలు అమ్మేవాళ్ళూ దాన్ని ఊరికే తీసుకుని తమ పెట్టెల్లో పెట్టేసుకుంటారు. దారిలో బొమ్మలు కొన్ని తప్పిపోవడం మామూలే. అప్పుడు తెర నల్లబడకుండా, సరిగ్గా అందిన ఆఖరి బొమ్మనే నిలబెట్టి ఉంచే ఫైలు అతను రాసింది. మాట తెగినప్పుడు చెవికి వెలితి తెలియకుండా సన్నటి గది హోరు నింపే ఫైలూ అతనిదే. చూసేవాడికి అతుకు కనపడకూడదు. అదీ మహానుభావుడి పంతం.

ఏడు నెలల క్రితం ఎవరో ఒక నర్సు ఆ లైబ్రరీ రాసేవాళ్ళ పేర ఉత్తరం రాసింది. "వార్డులో నేను ఒక్కదాన్నే ఆరు తెరలు చూస్తానండీ. తెర మీదున్నది ఇప్పటి బొమ్మో, ఇందాకటిదో తెలియట్లేదు. పాతదైతే మూల ఒక ఎర్రచుక్క కనపడేట్టు చెయ్యండి, పుణ్యముంటుంది."

అతను ఒక్క పూటలో చుక్క రాసేశాడు. రాసి, దానంతటది వెలగకుండా మూసి ఉంచాడు. కావలసినవాళ్ళు తెరుచుకోవాలి. ఎందుకంటే ఆ లైబ్రరీకి మొదటి రోజునే అతను ఒక నియమం పెట్టాడు: పాతవాళ్ళ తెర మీద వాళ్ళు అడగని మార్పు రాకూడదు. "నేను నర్సునండీ, ఎక్కడ తెరవాలో నాకేం తెలుస్తుంది?" అని ఆవిడ మళ్ళీ రాసింది. "మీకు కెమెరా అమ్మినవాళ్ళని అడగండి" అని మర్యాదగా ఒక ముక్క రాసి, చేతులు దులుపుకున్నాడు.

అతనికి ఒక్కతే అక్క. తల్లి పోయాక అతని ముక్కు తుడిచి, తల దువ్వి, చదువు చెప్పించిన మనిషి. గుండె జబ్బుతో ఆసుపత్రిలో ఉండి ఇంటికొచ్చి ఆరు వారాలైంది. బావ బస్సు నడుపుతాడు. పొద్దున్నే వెళ్ళక తప్పదు. "పగలు నేను చూసుకుంటాలే బావా" అని తమ్ముడు మాటిచ్చి, అక్క కూర్చునే కిటికీకి ఎదురుగా అరమీద కెమెరా పెట్టాడు.

"ఇందులో ఉన్నవి నా ఫైళ్ళే అక్కా."

"అయితే పేచీ పెట్టిందంటే నీ చెవే మెలేస్తా."

ఒప్పందం చిన్నదే. ఊపిరాడకపోతే ఆమె అరవలేదు, ఫోను అందుకోలేదు. చెయ్యెత్తితే చాలు. అతను వెంటనే అంబులెన్సుకీ, తాళంచెవి ఉన్న పక్కింటి పిన్నికీ ఫోను చెయ్యాలి. పది నిమిషాల్లో మనిషి వెళ్తే ఏ భయమూ లేదని డాక్టరు చెప్పాడు. రోజూ పొద్దున అక్క చెయ్యెత్తి, కెమెరా వైపు చెంపదెబ్బ కొట్టినట్టు విసిరేది. "తగిలిందా?" అనేది. "తగిలింది, తగిలింది" అనేవాడు ఇతను.

ఆ రోజు కూడా తగిలింది.

తర్వాత ఆమె బావ యూనిఫాం చొక్కాకి గుండీ కుట్టడానికి కూర్చుంది. ఇతను ఆఫీసు బల్ల దగ్గర ఒక తెర మీద పని చేసుకుంటూ, పక్క తెర మీద అక్కను చూస్తున్నాడు. దారం కొస పళ్ళ మధ్య పట్టుకుని, చొక్కా వైపు తల వంచి, పెదవి చివర చిన్న నవ్వుతో ఉంది. గది హోరు మెల్లగా వినిపిస్తోంది. ఇవాళ ఒంట్లో బాగున్నట్టుందని మనసు కుదుటపడింది.

"ఆ గుండీ సాయంత్రానికైనా పూర్తవుతుందా?" అన్నాడు మైకులో.

పళ్ళ మధ్య దారముంటే అక్క మాట్లాడదు. అదీ అతనికి తెలుసు. నవ్వుకుని మళ్ళీ పనిలో పడ్డాడు.

ఇంకాసేపటికి తలెత్తి చూస్తే దారం ఇంకా పళ్ళ మధ్యే ఉంది. ఆమె వెనక గోడ గడియారం పదీ ఇరవై రెండు చూపిస్తోంది. తన చేతి గడియారం చూసుకున్నాడు. పదకొండుకి పది తక్కువ.

లోకంలో ఇంకెవరికైనా అర్థం కావడానికి నిమిషం పట్టేదేమో. రాసినవాడు కాబట్టి అతనికి ఆ క్షణమే అర్థమైంది. అంబులెన్సుకి చేసి, వెంటనే పిన్నికి చేశాడు. పిన్ని తాళం తీసిన చప్పుడు ఫోనులోంచి వినపడింది. ఆ తర్వాత కేక.

"చల్లబడిపోయిందిరా నాయనా! చెయ్యి కెమెరా వైపు చాపుకుని అలాగే ఒరిగిపోయిందిరా!"

ఫోనులో పిన్ని గుండెలు బాదుకుని ఏడుస్తోంది. తెర మీద అక్క గుండీ కుడుతూనే ఉంది.

ఆ కెమెరా అమ్మినవాళ్ళు ఎర్రచుక్క తెరవలేదు. అలాంటిది ఒకటుందనే వాళ్ళకి తెలీదు. అతనికి తెలుసు. ఈ ఆరు వారాల్లో ఒక్కసారైనా గుర్తుకు రాలేదు. అక్క చెయ్యెత్తి ఎంతసేపు పట్టుకుందో, తమ్ముడు చూస్తున్నాడనే నమ్మకం ఏ నిమిషం దాకా నిలిచిందో ఇక ఎవరూ చెప్పలేరు. ఆ బొమ్మలు అందలేదు మరి.

నాలుగో రోజు మధ్యాహ్నం బావ అతని పక్కన కూర్చున్నాడు. గడ్డం మాసిపోయింది. ఒళ్ళో ఆ చొక్కా ఉంది, సగం కుట్టిన గుండీ వేలాడుతోంది. దాన్నే వేళ్ళతో తిప్పుతూ అడిగాడు.

"ఒక్కటి చెప్పరా. చెయ్యెత్తిందా?"

బావ వచ్చేలోపలే పిన్ని ఆ చెయ్యి సరిచేసి, గుండెల మీద పెట్టేసింది. ఆయనకి చెప్పొద్దు, తట్టుకోలేడు అంది. లేదు బావా అంటే అక్కడితో పోయేది.

"ఎత్తింది బావా. నాకు కనపళ్ళేదు."

బావ కళ్ళు మూసుకున్నాడు. తెరిచాక, ఇంత దుఃఖంలోనూ, చెయ్యి తెచ్చి బావమరిది భుజం మీద వేశాడు.

"ఊరుకోరా. మిషను చెడిపోతే నువ్వు మాత్రం ఏం చేస్తావు?"

ఆ మాటని పట్టుకుని బతికెయ్యొచ్చు. అతను ఒక్క క్షణం ఆశపడ్డాడు కూడా.

"చెడిపోలేదు బావా. నేను రాసింది రాసినట్టే పనిచేసింది."

బావకి అర్థం కాలేదు. అతను చెప్పుకొచ్చాడు. ఆఖరి బొమ్మ ఫైలు గురించి, నర్సు ఉత్తరం గురించి, చుక్క గురించి, దాన్ని ఎందుకు మూసి ఉంచాడో దాని గురించి. చెప్తుంటే తన నియమం తనకే పిచ్చివాడి మాటల్లా వినపడింది.

"ఆవిడ ముందే అడిగిందా?" అన్నాడు బావ.

"అడిగింది. రెండుసార్లు."

బావ భుజం మీద వేసిన చెయ్యి తీసేసుకున్నాడు.