కీర్తి రికార్డులో బాణం గుర్తు

జువాలజీలో కంటి రెటీనా పొరలు చెప్పడంలో ఝాన్సీ మేడమ్ తర్వాతే ఎవరైనా అని అమలాపురంలోని ఆ జూనియర్ కాలేజీలో పేరు. ఇరవై రెండేళ్లుగా అవే నోట్సు, అదే బొమ్మ. వెలుతురు బాణం ముందు చూపు కణాలైన దండాలనూ కోనులనూ తాకుతుంది. వాటి తర్వాత ద్విధ్రువ కణాలు, ఆఖర్న గాంగ్లియన్ కణాలు. పుస్తకం తెరిచి సరిచూసుకోవాలని ఆవిడకు ఏనాడూ తోచలేదు. ఎందుకు తోస్తుంది, అంత పేరొచ్చాక!

సోమవారం కీర్తి అనే పిల్ల రికార్డులో బాణం అవతలి వైపు నుంచి, ముందు గాంగ్లియన్ కణాలను తాకేలా వేసింది.

"ఏవమ్మా, మీ ఇంట్లోకి పెరటి గోడ దూకి వెళ్తావా నువ్వు?" అంది ఝాన్సీ. క్లాసంతా గొల్లుమంది.

"పుస్తకంలో ఇలాగే ఉందండి."

"నాకే పాఠం చెప్పేదానివయ్యేవా?" అంటూ ఎర్ర పెన్నుతో పేజీ అడ్డంగా కొట్టేసింది. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు మరి! పిల్ల కళ్లు తుడుచుకుంటూ కూర్చుంది.

బుధవారం ఝాన్సీ కళ్లు చూపించుకోడానికి వెళ్లింది. డాక్టరుగారు స్కాను తీసి తెర మీద చూపించారు.

"మీ నరాల పొరలు బావున్నాయండి. ఇదిగో, పైన గాంగ్లియన్ పొర. వెలుతురు దీన్ని దాటుకునే అడుగునున్న దండాలు, కోనుల దగ్గరికెళ్తుంది. మీకు నేను చెప్పాలా, జువాలజీ మేడమ్ గారికి!"

"ఆయ్," అంది ఝాన్సీ. ఇంటికొచ్చి పుస్తకం తెరిస్తే, అచ్చం కీర్తి వేసిన బొమ్మే. ఇరవై రెండేళ్లపాటు పిల్లలకు తప్పు చెప్పింది! సిగ్గుతో చచ్చిపోయింది మనిషి. నోరు మూసుకుంటే ఎవరికి తెలుస్తుందిలే అనుకుంది. ఛీ, అలా అనుకున్నందుకు ఇంకా సిగ్గేసింది.

గురువారం అందరి ముందూ కీర్తి రికార్డు అడిగి తీసుకుంది. కొట్టేసిన పేజీ పక్కన కొత్త బొమ్మ ఉంది. బాణం ఝాన్సీ చెప్పిన వైపు నుంచే, స్కేలు పెట్టి గీసినట్టుంది.

"మీరు చెప్పినట్టే మళ్లీ వేసేనండి."

"కాదమ్మా. నువ్వు ముందు వేసిందే కరెక్టు. ఇన్నేళ్లూ నేనే తప్పు చెప్పేను. పైగా నలుగుర్లో నిన్ను నవ్వులపాలు చేసేను. నన్ను క్షమించు తల్లీ."



"అదే కరెక్టని నాకు తెలుసండి," అంది కీర్తి బెదురుగా. "మరి మార్కులు పడాలంటే ఏది వెయ్యమంటారండి?"