మూడో స్టేజీ దాకా

పెట్టెలో ఏముందని కానిస్టేబుల్ అడిగితే లచ్చయ్య, "యుద్ధమున్నది సార్" అన్నాడు.

అది 1991. కోరుట్ల నుంచి సిరిసిల్లకు పోయే బస్సును దారిలో ఒక ఠాణా ముందు ఆపి సామాను తనిఖీ చేస్తున్నారు. అంతకు ముందు వారం ఆ దారిలో నక్సలైట్లు కల్వర్టు పేల్చారు. లచ్చయ్య చెప్పింది అబద్ధం కాదు. పెట్టెలో ఉన్నది వీడియో గేమ్. దాని కేసెట్ మీద జపాన్ అక్షరాలు ఎవరికీ చదవరాక ఆడేవాళ్లే దానికి 'అడవి యుద్ధం' అని పేరు పెట్టుకున్నారు.

కానిస్టేబుల్ ఆగయ్య పెట్టె తెరిచాడు. వేడెక్కుతుందని లచ్చయ్య మిషన్‌కు పైకప్పు తీసేశాడు. లోపలి వైర్లన్నీ బయటికి కనిపిస్తున్నాయి. పక్కన బటన్లున్న రెండు హ్యాండిళ్లు. ఆగయ్య వెనక్కి జరిగాడు.

"అందరు దిగుండ్రి! జల్ది దిగుండ్రి!"

బస్సు ఖాళీ అయింది. తనిఖీలో ఇంకేమీ దొరకలేదు. లచ్చయ్యను, పెట్టెను ఉంచి మిగతావాళ్లను ఎక్కమన్నారు. ముందు సీట్లో వచ్చిన ప్రమీల ఎక్కలేదు.

"అమ్మా, బస్సు పోతది. ఎక్కుండ్రి" అన్నాడు ఆగయ్య.

"గా పెట్టెల సగం నాది" అంది ప్రమీల.

బస్సు పోయింది.

బీర్పూర్‌లో ప్రమీల అత్తగారిది దొరల ఇల్లు. కూలీ సంఘం వాళ్లు భూముల్లో జెండాలు పాతినాక ఆ కుటుంబం జగిత్యాలకు వచ్చింది. అక్కడ ఆమె సినిమా కేసెట్లు అద్దెకిచ్చే దుకాణం పెట్టింది. లచ్చయ్యదీ బీర్పూరే. అతని తల్లి మొగిలవ్వ ఆ భూముల్లో నాట్లు వేసింది. లచ్చయ్య దుబాయిలో ఎలక్ట్రానిక్ సామాను దుకాణంలో పనిచేసి, వచ్చేటప్పుడు గేమ్ మిషన్లు తెచ్చాడు. ఒకటి కోరుట్లలో పెట్టాడు. ఒకటి ప్రమీల దుకాణానికి ఇచ్చాడు.

కంపెనీ ఆలోచన ప్రమీలది. ఒక ఆట జగిత్యాలలో పాతబడే సమయానికి కోరుట్లలో అది కొత్తది. అక్కడ పాతబడితే సిరిసిల్లలో కొత్తది. కనుక మిషన్లు, కేసెట్లు ఏ ఒక్క దుకాణానివీ కాకూడదు. అన్నీ ఒక కంపెనీ పేరు మీద ఉండాలి. ఆ కంపెనీకి మూడు ఊళ్ల దుకాణాల్లో వాటా ఉండాలి. ఆటలు బస్సుల్లో తిరుగుతుండాలి. పేరు కూడా ఆమే పెట్టింది, మూడు ఊళ్ల మొదటి అక్షరాలతో జేకేఎస్ గేమ్ హోల్డింగ్స్ అని.

"హోల్డింగ్ అంటే ఏంది దొరసాని?" అని లచ్చయ్య అడిగాడు.

"ముగ్గురి సామాను ఒక్కతాన పట్టుకునుడు."

"పట్టుకునేదెవలు?"

"ముగ్గురం."

"అయితే ముందుగాల ఇడిసిపెట్టేదెవలో గది గూడ ఇప్పుడే అనుకుందాం."

మూడో మనిషి సిరిసిల్ల వెంకటేశం. మరమగ్గాల యజమాని. ఒక షెడ్డులో మగ్గాలు తీసేసి గేములు పెట్టాడు. కంపెనీలో కలుస్తానన్నాడు, కాని కొత్త ఆట మగ్గాల సెలవు నాడు పొద్దు గూకకముందే తన షెడ్డుకు చేరాలన్నాడు. చేరకపోతే గేములు తిప్పే కరీంనగర్ పార్టీతో కలుస్తానన్నాడు. సిరిసిల్ల లేకపోతే ఆటలు తిప్పడానికి ఊళ్లు చాలవు. అంటే కంపెనీ లేదు.

మగ్గాల సెలవు ఆ రోజే.

ఎస్సై గుంటూరు వైపు మనిషి. పెట్టెను బల్ల మీద పెట్టించి చుట్టూ తిరిగి చూశాడు.

"ఏమిటయ్యా ఇది? వైర్‌లెస్సా?"

"ఆట సార్. టీవీకి పెడితే నడుస్తది."

ఠాణాలో బ్లాక్ అండ్ వైట్ టీవీ ఉంది. లచ్చయ్య వైరు తగిలించి ఒక హ్యాండిల్ ప్రమీలకు ఇచ్చాడు. తెర మీద అడవి వచ్చింది. చెట్ల మధ్య ఇద్దరు మనుషులు తుపాకులతో నిలబడ్డారు. ఎస్సై కుర్చీ ముందుకు లాక్కున్నాడు.

"అడవిలో తుపాకులు పట్టుకుని ఉన్నారు. ఎవరు వీళ్లు?"

లచ్చయ్య ప్రమీల వైపు చూశాడు.

"మేమే సార్" అంది ప్రమీల. "ఒకలు నేను, ఒకలు లచ్చయ్య."

"అతని చొక్కా ఏ రంగు?"

లచ్చయ్య బొమ్మది ఎర్ర చొక్కా. ఆ టీవీలో బూడిద రంగులో ఉంది.

"టీవీల కనవడ్తలేదు సార్" అన్నాడు లచ్చయ్య.

కుడి వైపు నుంచి టోపీలు పెట్టుకున్న మనుషులు పరుగెత్తుకొచ్చారు. ప్రమీల అలవాటు కొద్దీ బటన్ నొక్కింది. ముగ్గురు పడిపోయారు. ఆగయ్య తన టోపీ తీసి బల్ల మీద పెట్టాడు.

"ఆగండి" అన్నాడు ఎస్సై. "టోపీలున్నాయి. మీరు కాల్చేది పోలీసులనా?"

కొన్నాళ్ల కింద కోరుట్ల దుకాణానికి ఒక కొత్త మనిషి వచ్చి ఇదే ప్రశ్న వేశాడు. "మీరెవలనుకుంటే వాళ్లే అన్నా" అన్నాడు లచ్చయ్య. ఆ మనిషి నవ్వి, ఆట ఆడి, అడవి వైపు పోయే బస్సెక్కాడు. ఆ జవాబు ఇక్కడ చెప్పడానికి లేదు.

"పోలీసులు కాదు సార్. వీళ్లంత ఒక రాక్షసుని మనుషులు. దుబాయిల సేటు చెప్పిండు. మూడో స్టేజీల ఆ రాక్షసుడు వస్తడట."

"నువ్వు చూశావా?"

"లేదు సార్. రెండోదాంట్లనే సస్తున్న."

"ఈమె?"

"నేను గూడ గండ్లనే" అంది ప్రమీల.

ఎస్సై హ్యాండిళ్ల వైపు వేలు చూపాడు. "చూపించండి. రాక్షసుడు కనిపిస్తే పెట్టె తీసుకుని వెళ్లండి. కనిపించకపోతే కరీంనగర్ ఎస్పీ ఆఫీసుకు పంపిస్తాను. వాళ్లు తేల్చేదాకా అక్కడే ఉంటుంది."

లచ్చయ్య చేతులు అంగీకి తుడుచుకున్నాడు.

మొదటి స్టేజీ దాటారు. రెండోదాంట్లో వంతెన ఉంది. నడిచేవాళ్ల వెనక దాని చెక్కలు ఒక్కొక్కటే ఊడి నదిలో పడతాయి. జగిత్యాలలో కాని, కోరుట్లలో కాని దాన్ని దాటినవాళ్లు లేరు. ఆ మాట సిరిసిల్ల దాకా పాకింది. ప్రమీల ముందు పోయింది. లచ్చయ్య వెనక నడిచాడు. అతని కాళ్ల కింది చెక్క ఊడింది, అతను పడ్డాడు. పడ్డవాళ్లు మళ్లీ లేచేదాకా తెర ముందుకు జరగదు. ఆమె కాళ్ల కింది చెక్కా ఊడి ఆమె కూడా పడింది.

మళ్లీ ఆడారు. మళ్లీ పడ్డారు. గుమ్మం దగ్గర కానిస్టేబుళ్లు గుమిగూడారు.

"ఏం లచ్చయ్యా, దుబాయిల ఈత నేర్పలేదా?" అన్నాడు ఒకడు.

ప్రమీల హ్యాండిల్ కింద పెట్టి అతని వైపు తిరిగింది.

"నువ్వు ప్రతిసారి నా ఎన్క ఎందుకొస్తున్నవు?"

"మీరు ముందుగాల నడువాలె గద దొరసాని."

"ఎవలు చెప్పిండ్రు?"

"ఎవలు చెప్పుడేంది? మా ఇంట్ల అందరం గట్లనే నడిసినం."

"బొమ్మ గూడనా?"

ఆగయ్య నవ్వాడు. లచ్చయ్యకూ నవ్వొచ్చింది.

"పక్కకు రా" అంది ప్రమీల. "నా పక్కకు. ఎన్కకున్నోడు మునుగుతుండు, వాని తోని నేను మునుగుతున్న."

మూడోసారి ఇద్దరూ వంతెన మీదికి ఒక్కసారే దుమికారు. చెక్కలు వెనక ఊడుతున్నాయి. టీవీలో బొమ్మ పైకి పాకడం మొదలైంది. ఆగయ్య టీవీ నెత్తిన ఒక్కటిచ్చాడు. బొమ్మ నిలబడింది.

"ఎడమకు!" అంది ప్రమీల.

"టోపీలోడు! కింద!"

"సూసిన!"

"దుంకు!" అని అరిచాడు లచ్చయ్య. "దుంకు, దుంకు!"

దొరసానిని అట్లా అన్నవాణ్ని ఆగయ్య అంతకు ముందు చూడలేదు. ఆమె ముఖం వైపు చూశాడు. ఆమె అప్పటికే దుమికింది. ఇద్దరి కాళ్లూ అవతలి గట్టున ఆనాయి. చివరి చెక్క నదిలో పడింది.

ఠాణా అంతా కేకలు. లాకప్‌లో ఉన్న మనిషి ఊచల దగ్గరికి వచ్చి, "దాటిండ్రా? దాటిండ్రా?" అని అడిగాడు.

మూడో స్టేజీ జలపాతంతో మొదలైంది. ఎటు పోవాలో ఇద్దరికీ తెలియదు. నీళ్లలోంచి రాళ్లు పడుతున్నాయి. ఆటలో లచ్చయ్యకున్న ప్రాణాలన్నీ అయిపోయాయి. హ్యాండిల్ పక్కన పెట్టి ప్రమీల భుజం వెనక నుంచి చెప్పడం మొదలుపెట్టాడు.

"కుడి రాయి ఎక్కు... ఆగు... ఇప్పుడు!"

ఎస్సై లేచి నిలబడ్డాడు. ప్రమీల పైకి చేరింది. తెర ఒక్క క్షణం నల్లబడింది. తర్వాత తెర నిండా ఒక తల వచ్చింది. కొమ్ములున్నాయి. నోరు తెరిచింది.

"వచ్చిండు!" అని ఆగయ్య ఎగిరాడు. "సార్, రాక్షసుడచ్చిండు!"

"నోట్లో కాల్చండమ్మా!" అన్నాడు ఎస్సై. "నోట్లో!"

ప్రమీల కిటికీ వైపు చూసింది. ఎండ వాలుతోంది. చెయ్యి చాచి స్విచ్ ఆపింది. తెర మీద చుక్క మిగిలింది, అదీ పోయింది.

"అయ్యో! ఆపారేం?"

"కనవడితే సాలన్నరు గద సార్. మేము సిరిసిల్ల పోవాలె."

ఎస్సై నల్లబడ్డ తెరను వేలితో తట్టి చూశాడు. తర్వాత పెట్టె కట్టమన్నాడు. "జీపులో దింపిస్తాను" అన్నాడు.

"జీపొద్దు సార్" అన్నారు ఇద్దరూ. పేలిన కల్వర్టు అందరికీ గుర్తుంది, ఎందుకని ఎవరూ అడగలేదు. నూలు మోసే లారీ ఒకటి వస్తుంటే ఆగయ్య రోడ్డు మీదికి పోయి ఆపాడు.

వెంకటేశం షెడ్డు నిండా జనం. బెంచీ మీద కరీంనగర్ పార్టీ మనిషి తన పెట్టెతో కూర్చుని చాయ్ తాగుతున్నాడు. బయట ఇంకా వెలుగుంది.

"గింతసేపు ఏడున్నరు?" అన్నాడు వెంకటేశం.

"ఠాణాల" అన్నాడు లచ్చయ్య. "మూడో స్టేజీ ఆడినం."

షెడ్డులో ఉన్నవాళ్లంతా దగ్గరికి వచ్చి అడిగారు.

"వంతెన దాటిండ్రా? ఏమున్నది అవతల?"

లచ్చయ్య చెప్పబోయాడు. ప్రమీల అతని చెయ్యి పట్టి ఆపింది.

"పోలీసోళ్లు సూసిండ్రు, మేము సూసినం. మీరు సూడాల్నంటే ఆడాలె. నేను చెప్తే ఇంక దుకాణమెందుకు?"

జనం మిషన్ వైపు తోసుకున్నారు. మగ్గాల మనుషులు ఒకరి మీద ఒకరు పడి వరుస కట్టారు. చాయ్ గ్లాసు బెంచీ మీద పెట్టి కరీంనగర్ మనిషి కూడా ఆ వరుసలో నిలబడ్డాడు. వెంకటేశం అతన్ని చూశాడు, వరుసను చూశాడు.

"ఓ అన్నా, షెడ్డు నాది. ముందుగాల నేను" అని అందరినీ తప్పించుకుంటూ వచ్చాడు. అప్పటికే ఒక మగ్గాల మనిషి ఆట మొదలుపెట్టాడు. ప్రమీల కంపెనీ కాయితాలు టీవీ మీద పరిచింది. వెంకటేశం తెర మీంచి కళ్లు తిప్పకుండా పెన్ను తీసుకున్నాడు.

"సంతకం ఏడ పెట్టాలె? జల్ది చెప్పుండ్రి, వాడు సస్తే నా వంతు."