గెస్ట్‌గా ఆడిన ఆట

పెద్దకోడలికి ఒళ్ళు మండిపోతోంది. మండదూ మరి? మూడేళ్ళుగా మధ్యాహ్నం భోజనాలవగానే మామగారు ఆమె పక్కన చేరేవారు. చెరో ఫోనూ పట్టుకుని ఇద్దరూ ఒకే జట్టుగా కార్ల పందెం ఆడేవారు. జీవితమంతా గడియారాలు బాగుచేసిన ఆ వేళ్ళకిప్పుడు వణుకు. ఆయన కారు గోడకు గుద్దుకునేది, జట్టు ఓడిపోయేది, ఆమె పొట్ట చెక్కలయ్యేలా నవ్వేది. రోజు మొత్తంలో ఆమెకున్న ముచ్చట అదొక్కటే.

నిన్నగాక మొన్నొచ్చిన చిన్నకోడలు దాన్ని కాస్తా తన్నుకుపోయింది. ఫోన్ ఆటల్ని కంప్యూటర్లో ఆడించే ఎమ్యులేటర్ ఒకటుందట, ముసలి కంప్యూటర్ కూడా మోసేంత తేలికైనదట. మూలనపడ్డ డబ్బా దుమ్ము దులిపి అందులో ఎక్కించింది. 'గెస్ట్' అని నొక్కి ఆట తెరిచి, ఏ మీట దేనికో చూపించింది. ఆ తర్వాత మామగారు ఆ గది వదిలితే ఒట్టు. పెద్దకోడలు పిలిస్తే, కొన్నాళ్ళాగు పెద్దమ్మాయీ అనేవారు. కొత్తొక వింత, పాతొక రోత అని ఆమె గిన్నెల మీద కసి తీర్చుకునేది.

మూడు నెలలు చూసింది. ఒకనాడు చిన్నకోడలు మామగారిని కళ్ళ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళగానే ఎమ్యులేటర్‌ని తీసిపారేసింది. తన ఫోన్లో ఆట ఎన్నిసార్లు తీసినా, మళ్ళీ పెట్టుకుంటే కార్లన్నీ తిరిగొచ్చేవి. ఇదీ అంతేలే, రెండ్రోజులు తిప్పలు పడితే ఆయన తన పక్కకే వస్తారనుకుంది.

చిన్నకోడలు వచ్చి పది నిమిషాల్లో మళ్ళీ ఎక్కించింది. ఆట మాత్రం ఒకటో మెట్టు దగ్గర తెరుచుకుంది. గెస్ట్‌గా ఆడినదానికి ఖాతా ఉండదు, ఎమ్యులేటర్‌తో పాటే అంతా తుడిచిపెట్టుకుపోయిందని తల పట్టుకుంది.

"ఇంకొక్క మెట్టెక్కితే నీతో సమానమయ్యేవారక్కా. 'నావల్ల పెద్దమ్మాయి రోజూ ఓడిపోతోంది, నేర్చుకున్నాకే దాని పక్కన కూర్చుంటా' అని పంతం పట్టారు. నీకు చెప్పొద్దన్నారు."

మామగారు కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ మొదటినుంచి మొదలుపెట్టారు. జట్టులో తోడెవరని ఆట అడిగితే, ఒక్కో అక్షరం వెతుక్కుంటూ 'పెద్దమ్మాయి' అని కొట్టారు.

"నేనే తీసేశాను మామయ్యా. కుళ్ళు ఆపుకోలేక."

ఆయన వేళ్ళు ఆగాయి.

"అయితే ఈసారి నువ్వే నేర్పు," అన్నారు పక్కన కుర్చీ లాగుతూ. "చిన్నది మరీ కసురుతోంది."

పెద్దకోడలు కళ్ళు తుడుచుకుని కూర్చుంది. తలుపు దగ్గర చిన్నకోడలి మొహం మాడిపోయింది.