సువర్ణ దాచిన బిళ్ళలు

నేను ఒక మందుబిళ్ళల అట్టను. నన్ను తయారుచేసిన యంత్రానికి సిగ్గూ బిడియం లేవు; అవి కొనేవాళ్ళకే. ఏలూరు మందుల షాపులో సువర్ణ నా పేరు పలకలేక చీటీ చూపించింది. షాపతను నన్ను నల్లకవరులో చుట్టి ఇచ్చాడు.

సువర్ణ జాకెట్లు కుడుతుంది. మొదటి భర్త పోయాక జోజిని చేసుకుంది. కడుపుతో ఉన్న అయిదో నెలలో కింద నీటిపొక్కులు లేచి, మంటతో విలవిల్లాడింది.

"హెర్పిస్ అమ్మా," అంది డాక్టరమ్మ. "పూర్తిగా పోదు, నరాల్లో నక్కి ఉంటుంది. బిళ్ళలతో అణచిపెట్టొచ్చు. కాన్పునాటికి పుండుంటే బిడ్డకు ప్రమాదం, ఆపరేషన్ చెయ్యాలి. మీ ఆయనకీ చెప్పు."

చెప్పలేదు. చచ్చినవాడు అంటించిపోయాడనుకుంది. జోజికి తెలిస్తే వదిలేస్తాడనుకుంది. తొమ్మిదో నెలలో రోజుకు మూడు బిళ్ళలు వాడమంటే, నన్ను గుడ్డముక్కల సంచిలో దాచి, తలుపు గడియపెట్టి మింగేది. ఇంతలో ఆడపడుచు వచ్చి నాలుగు రోజులుంది. ఆ నాలుగు రోజులూ సువర్ణ సంచి ముట్టలేదు. అయిదోనాడు పొద్దున్నే నొప్పులొచ్చాయి. వాటితోపాటే ఆ మంటా వచ్చింది.

ఆసుపత్రిలో నేను ఆమె గుప్పిట్లో ఉన్నాను.

"పుళ్ళూ మంటా ఏమైనా ఉన్నాయా?" అడిగింది నర్సు. పక్కనే జోజి. సువర్ణ తల అడ్డంగా ఊపింది. నర్సు మంచాన్ని కాన్పుగది వైపు తిప్పింది. నాకు నోరుంటే అరిచేదాన్ని, ఊరుకునేదాన్ని మాత్రం కాదు.

"ఆగండి!" సువర్ణ నర్సు చెయ్యి పట్టుకుంది. "నాకు హెర్పిసుంది. కింద మండుతోంది. నన్నేమైనా అనుకోండి, నా బిడ్డని బతికించండి." నన్ను నర్సు చేతిలో పెట్టింది.

జోజి వరండాలోకి వెళ్ళిపోయాడు.

ఆపరేషన్ చేశారు. ఆడపిల్ల. ఒంటిమీద పొక్కు లేదు. అయినా కొన్నాళ్ళు కనిపెట్టి చూడాలన్నారు. నర్సు నన్ను తిరిగి సువర్ణ మంచం పక్కన పెట్టింది. సాయంత్రం దాకా సువర్ణ గుమ్మంకేసే చూసింది.

జోజి వచ్చి తలుపు దగ్గరే నిలబడ్డాడు.

"డాక్టరమ్మనడిగాను. ఎవరినించి ఎవరికొచ్చిందో చెప్పలేమంది. నాకూ ఏడాదికోసారి కింద పొక్కులు లేస్తాయి, సువర్ణా. మన పెళ్ళికి ముందునించీ. వేడి చేసిందనుకుని మజ్జిగ తాగేవాణ్ణి."

సువర్ణ ఏడవలేదు, తిట్టలేదు. అతను దగ్గరికొచ్చి బిడ్డను ఎత్తుకోబోతే చెయ్యి అడ్డం పెట్టింది.

"ముందు చేతులు కడుక్కు రండి," అంది.