కాత్యాయని తలకెక్కిన రుమాలు

రాయచూరు బజారు వ్యాపారుల తగవులు పోలీసు స్టేషను దాకా వెళ్లవు. జగన్నాథ్ సేఠ్ మిద్దె మీది చావడికి వెళతాయి. అక్కడ తీర్పు చెప్పేవాళ్లు ముందుగా న్యాయపు రుమాలు తలకు చుట్టుకోవాలి. నిజానికి చుట్టుకునే పని కూడా లేదు. కుంకుమరంగు పట్టుగుడ్డ అది, అంచుకు జరీ. కొస నుదుటికి ఆనిస్తే చాలు, మిగతాదంతా లేచి తనంతట తానే తలపాగా అయిపోతుంది. తీర్పు చెప్పే మనిషి మనసు ఒక పక్కకు ఒరిగితే బిగుస్తుంది. సరిగ్గా ఆలోచిస్తున్నంతసేపూ తలమీద ఉన్నట్టే తెలియదు.

జగన్నాథ్ సేఠ్‌కు వయసు మీదపడి, ఇక తన వల్ల కాదన్నప్పుడు బజారు పెద్దమనుషులు ఒక్కొక్కరే ప్రయత్నించారు. రుమాలు ఎవరి తలమీదా నిలవలేదు. జారి ఒళ్లో పడింది. దాన్ని మడతపెట్టి లోపల పెడదామని చేతిలోకి తీసుకున్న కాత్యాయని తలకు మాత్రం, ఆమె వద్దు వద్దంటున్నా, ముచ్చటగా చుట్టుకుంది. ఇత్తడి సామాన్ల దుకాణం గురునాథ్ భార్య ఆమె.

"మా ఇంట్ల ఫైస్లాలు, తీర్పులు ఎప్పుడూ ఈమెవే. రుమాలుకు ఇప్పుడు తెలిసింది," అంటూ గురునాథ్ ఆ రోజు బజారంతా పేడాలు పంచాడు.

ఆ తీపి నోట్లో ఉండగానే ఆయన మీదే ఫిర్యాదు వచ్చింది.

చేసింది హనుమేశ్. పక్క దుకాణంలో తాళ్లు, చేటలు అమ్ముతాడు. గురునాథ్‌తో కలిసి చదువుకున్నవాడు, కలిసి బడి ఎగ్గొట్టినవాడు కూడా. ఇద్దరి ఇళ్లూ దుకాణాల మీదే, మధ్యన ఒకటే గోడ. హనుమేశ్ భార్య సుమంగళ నాటిన సన్నజాజి తీగ వాళ్ల పెరట్లో మొదలై, మిద్దె మీద పందిరి అల్లుకుని, గోడ దాటి వీళ్ల డాబా మీద కూడా పూసేది. పోయిన ఏడాది సుమంగళ చనిపోయింది. మొన్న హనుమేశ్ చుట్టాల పెళ్లికని కల్లూరు వెళ్లిన పూట, గురునాథ్ ఆ తీగను మొదలు దాకా నరికేశాడు.

"మొగుని మీద నేనెట్ల చెప్పాలె తీర్పు? ఇంకొకరిని చూసుకోండి," అంది కాత్యాయని.

"ఇంకొకరి తలకు అది నిలిస్తే కద తల్లీ," అన్నాడు జగన్నాథ్ సేఠ్. "నీ మీద నీకు నమ్మకం లేకుంటే దాన్ని నమ్ము."

చావడి నిండిపోయింది. వాది ప్రతివాదులను పేరు పెట్టి పిలవాలన్నది అక్కడి కట్టుబాటు. పెళ్లయిన నాటి నుంచి మొగుడి పేరు పలికి ఎరగదు కాత్యాయని. గొంతు సవరించుకుని, "గురునాథ్!" అని పిలిచింది. ఆడవాళ్లు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. గురునాథ్ కొత్తగా పేరు పెట్టించుకున్న పిల్లాడిలా సిగ్గుపడుతూ లేచి నిలబడ్డాడు.

హనుమేశ్ ఎక్కువ మాట్లాడలేదు. "ఆమె పెట్టిన తీగ అది. వానికి తెల్వదా?" అని కూర్చున్నాడు.

"ఎందుకు నరికినవ్?"

"డాబా మీద ఆకులు పడుతున్నయ్. తడికి చీమలు," అన్నాడు గురునాథ్ నేల చూస్తూ.

అది అబద్ధమని ఆమెకు తెలుసు. ఆ ఆకులు రోజూ ఊడ్చేది తనే. అయినా, ఏదో తొందరపాటు, చెడ్డ మనిషి కాదు కదా అనుకుంది మనసులో. రుమాలు బిగిసింది. కణతలు అదిరాయి. మొగుణ్ణి వెనకేసుకొచ్చినందుకు సిగ్గేసి, గొంతు పెంచింది. "ఏడాది పాటు ఇతను ఈ చావడి మెట్లెక్కొద్దు. బజారుల ఎవరూ ఇతనితోని మాట్లాడొద్దు!"

చావడి నిర్ఘాంతపోయింది. రుమాలు ఈసారి ఇంకా గట్టిగా, కళ్లలో నీళ్లు తిరిగేటంతగా బిగిసింది. కాత్యాయని రెండు చేతులతో తల పట్టుకుంది. అప్పుడు అర్థమైంది ఆమెకు. మొదట మొగుడి కోసం ఒరిగింది, తర్వాత జనం తనను మెచ్చుకోవాలని ఒరిగింది. హనుమేశ్ దుఃఖం గురించి గానీ, గురునాథ్ మనసులో ఏముందో గానీ ఒక్కసారైనా ఆలోచించలేదు.

"ఆ మాట వాపస్ తీసుకుంటున్న," అంది. మెల్లగా మళ్లీ అడిగింది. "చీమల మాట వదిలెయ్. ఎందుకు నరికినవో చెప్పు."

గురునాథ్ తల ఎత్తి హనుమేశ్ వైపు చూపించాడు. "వీడు పొద్దుగూకంగనే ఆ పందిరి కింద కూసుంటడు. తినడు. ఎవరితోని మాట్లాడడు. గోడ కాడికి పోయి పిలిస్తే పలుకడు. వీని బిడ్డ శృతికి కాన్పయి ఆర్నెల్లాయె. హట్టిల బిడ్డ ఇంటికి పోయి మనుమరాలి మొకం సూడలే. ఆ పందిరి లేకుంటె బయటికొస్తడనుకున్న. నాతోని చాయ్ తాగుతడనుకున్న."

"అడగొచ్చు కదరా," అన్నాడు హనుమేశ్. ఏడుస్తున్నాడు.

"అడిగితే ఒప్పుకుంటుంటివా?"

"ఒప్పుకునేటోణ్ణి కాదు. కొట్టేటోణ్ణి."

రుమాలు వదులైంది. నుదుటి మీద చల్లటి చేయి వేసినట్టుంది కాత్యాయనికి.

"అడగకుండ నరికింది తప్పే. హనుమేశన్న బాధ చూడలేక చేసినా తప్పే," అంది. "మొదలు బతికే ఉంది, నేను చూసిన. చిగురొచ్చేదాంక పొద్దుగూకినప్పుడల్లా గురునాథ్ పోయి నీళ్లు పొయ్యాలె. హనుమేశన్నా, అంతసేపూ నువ్వు పక్కన కూసొని పలుకాలె. తిట్టినా సరే. ఇదే నా ఫైస్లా."

"హౌదు, హౌదు," అన్నాడు జగన్నాథ్ సేఠ్ కన్నడంలో. అదే ఒప్పుకోలు.

ఇంటికి వస్తుంటే దారిలో గురునాథ్, "శానా బిగిసిందా?" అని అడిగాడు. ఇంట్లో కొబ్బరినూనె వెచ్చజేసి ఆమె కణతలకు తనే రాశాడు. "ఇంకొకసారి పేరుతోని పిలువు," అన్నాడు. ఆమె పిలవలేదు.

హనుమేశ్ మొదట్లో తిట్టాడు. కొన్నాళ్లకు నీళ్లు ఎక్కువ పోస్తున్నావని తిట్టాడు. ఆ తర్వాత ఇద్దరూ కలిసి పక్క బజారు వాళ్లను తిట్టుకున్నారు. తీగ మొదలు చిగురు తొడగకముందే ఒక పొద్దున ఇద్దరూ శుభ్రంగా తయారై, లింగసుగూరు మీదుగా హట్టి వెళ్లే బస్సు ఎక్కారు. సాగనంపడానికి వచ్చిన కాత్యాయనికి కింద నుంచే వినబడింది, కిటికీ పక్క సీటు నాదంటే నాదని కొట్లాట.

"నా మనుమరాలిని సూసేతందుకు పోతున్నం. కిటికి నాది!"

"టికెట్ తీసింది నేను!"

హనుమేశ్ కిటికీలోంచి తల బయటపెట్టి, "వదినా, నువ్వే చెప్పు ఫైస్లా!" అని అరిచాడు.

"నా తలకు రుమాలు లేదు. మీరే చూసుకోండి," అని నవ్వుతూ ఆమె దుకాణం తెరవడానికి బయల్దేరింది.