రెండో తడవ ఓటు

జొన్నరొట్టెలు గుడ్డలో చుట్టి సంచి అడుగున పెట్టినాను. వాటి మీద చెనక్కాయల పొడి పొట్లం, ఉతికిన లుంగీ, తువ్వాలు. నా కొడుకు అంజినప్ప గడప మీద కూర్చొని తెగిన చెప్పు వారు కుట్టుకుంటున్నాడు.

"బెళుగుప్పకు పోయేదానికి అన్ని రొట్టెలెందుకుమా? మాపటికి వస్తా గదా" అన్నాడు.

నేను ఇంకో రొట్టె పెట్టినాను. వాళ్ల నాయన ఒక కరువు ఏడు బెంగళూరికి పోతా ఇట్లే అన్నాడు, కారు వానలు పడగానే వస్తానని. ఆ సంచి కూడా నేనే సర్దినాను. మనిషి తిరిగి రాలేదు. అప్పటినుంచి ఇంట్లో ఎవరు సంచి దులిపినా ఇంకో పూటకు సరిపడా రొట్టెలు కాలుస్తాను.

మా ఊళ్లో సంచి సర్దని ఇల్లు లేదు. వాన పోతే చెనక్కాయ పోతుంది, చెనక్కాయ పోతే మనుషులు పోతారు. కానీ మమ్మల్ని వెళ్లగొట్టింది వాన ఒక్కటే కాదు. చదువుకునే పిల్లలకూ, కూలికి పోయేవాళ్లకూ ఆ సంగతి చెప్పడానికే ఇది రాస్తున్నాను.

అప్పట్లో మా సర్పంచి ఓబులేసు రెడ్డి. అంతకుముందు వాళ్ల నాయన. కరువు పని కింద చెరువు పూడిక తియ్యమని ప్రభుత్వం మనుషుల కోసం పని ఇచ్చింది. రెడ్డి మట్టి తోడే మిషన్ దింపి తీయించినాడు. పని మా పేర్ల మీద జరిగింది, మేము కట్ట మీద నిలబడి చూసినాము. దానికి రావాల్సిన బియ్యం ఆయన గోడౌన్లో దిగింది. ఆ వారమే సగం ఊరు బెంగళూరు బస్సెక్కింది. సర్పంచి కుర్చీలో ఎవడు కూర్చుంటాడన్న దాన్ని బట్టే మా ఇళ్లలో సంచులు అటక మీద ఉండేదీ, భుజం మీదికి వచ్చేదీ.

మరి ఎట్లా గెలుస్తాడని అడుగుతారు. తొంభై అయిదులో మా వైపు నుంచి నలుగురు నిలబడినారు. గొర్రెలోళ్లకొకడు, సేద్యగాళ్లకొకడు, మాదిగవాడకొకడు, బోయ వీధికొకడు. అందులో ఇద్దరిని రెడ్డే నిలబెట్టినాడని తర్వాత తెలిసింది. ఊళ్లో సగం మంది కూడా ఆయనకు ఓటెయ్యలేదు. అయినా ఆయనే గెలిచినాడు.

రెండువేల ఒకటిలో ఆ పాటి శ్రమ కూడా పడలేదు. చావిడి దగ్గర అందరినీ కూర్చోబెట్టి, ఈసారి ఏకగ్రీవం చేసుకుందాం, ఎవరికన్నా అభ్యంతరముంటే చెప్పండప్పా అన్నాడు. బసప్ప లేచినాడు. రెండెకరాల సేద్యగాడు, ఎవరి మాటా వినని మనిషి. తాను నిలబడతానన్నాడు.

"నిలబడు బసప్పా, నిన్ను కూర్చోమన్నదెవరు?" అన్నాడు రెడ్డి, నవ్వుతానే.

మరుసటి రోజు మిట్టమధ్యాహ్నం బసప్ప వామి తగలబడింది. చెనక్కాయ కట్టె, ఏడాది పొడుగునా ఎద్దులకు అదే మేత. మేము ఖాళీ బిందెలు పట్టుకొని ఉరికినాము. బావిలో నీళ్లుంటే గదా. పొగలో ఎద్దులు తాళ్లు తెంపుకుంటుంటే చూస్తూ నిలబడినాము. రెడ్డి గొడుగు వేసుకొని వచ్చి, ఎవరో బీడీ పారేసినట్టున్నారే అన్నాడు. పోలీసులు అదే రాసుకొని పోయినారు. బసప్ప ఎద్దులను సంతకు తోలినాడు. నామినేషన్ వెయ్యలేదు. గొడవలు లేని మంచి ఊరని మాకు ప్రభుత్వం బహుమానమిచ్చింది.

నేను నలభై దాటినాక సాక్షరతా బడిలో అక్షరాలు నేర్చినదాన్ని. అంగట్లో బెల్లం కట్టిచ్చిన కాగితాన్ని కూడా చదవకుండా పారెయ్యను. ఆ మరుసటి ఎండాకాలం అట్లాంటి పేపరు ముక్కలో ఒక ఫోటో చూసినాను. వీధి నిండా జనం, కొందరు ఏడుస్తున్నారు. ఫ్రాన్సు దేశంలో ఎన్నికలట. ఎన్నికైతే ఏడ్చేదెందుకు? బసప్ప కూతురు ఉమాదేవి అనంతపురంలో కాలేజీ చదువుతుండేది. ఆ పిల్లనడిగినాను. తనకూ సరిగా తెలియదనింది. లైబ్రరీలో వెతికి, వచ్చే సెలవులకు చెప్పింది. అప్పటినుంచి ఆ మాట నన్ను వదల్లేదు.

రెండువేల ఆరులో మళ్లీ పంచాయితీ ఎన్నికలొచ్చినాయి. ఆ ఏడే ఉపాధి హామీ పని కూడా వచ్చింది. ఈ పని కూడా రెడ్డి మిషన్‌కే పోతుందని అందరికీ తెలుసు. కందకాలు తవ్వేకాడ, సంగటి తినే పూట, అప్పుడే మా వాళ్లు ముగ్గురు నిలబడతామంటున్నారు. గొర్రెలోళ్ల సుంకప్ప, మాదిగవాడలో బావుల్లో రాయి కొట్టే యేసన్న, నా కొడుకు అంజినప్ప. నాకు తొంభై అయిదు కళ్ల ముందు కనపడింది. చదువయిపోయి మాతోపాటే పనికి వస్తున్న ఉమాదేవిని లేపి, ఆ ఫ్రాన్సు సంగతి వీళ్లకు చెప్పమన్నాను.

ఆ పిల్ల మొదటి నుంచి చెప్పింది. ఆ దేశంలో జనం రాజు తల నరికినారు. ఎన్నో ఏండ్లు కొట్లాడినాక మగవాళ్లందరికీ ఓటు వచ్చింది. ఆ ఓటుతో పాత చక్రవర్తి తమ్ముని కొడుకునే ప్రెసిడెంటును చేసుకున్నారు. వాడు సైన్యాన్ని దింపి అసెంబ్లీని మూయించి, తర్వాత తానే చక్రవర్తి అయినాడు. అది కూడా జనంతో సమ్మతమని ఓటేయించుకొనే.

"అంటే ఏకగ్రీవమే గదా" అనింది తిప్పమ్మ. కందకంలో మా అందరిలోకీ పెద్ద నోరు ఆమెదే. ఆడవాళ్లకు ఓటు వచ్చేసరికి ఇంకో వందేండ్లు దగ్గర పడిందని ఉమాదేవి చెబితే, రాజు తల నరికిన మొగోళ్లకు ఆడదాని చేతికి చీటీ ఇచ్చేదానికి చెయ్యి రాలేదా అని అడిగింది.

ఆ దేశంలో ఇప్పుడు ప్రెసిడెంటు గెలవాలంటే పడిన ఓట్లలో సగానికి మించి రావాలంట. రాకపోతే మొదటి ఇద్దరే మిగులుతారు, రెండు వారాలకు మళ్లీ ఓటు. అసెంబ్లీ ఎన్నికల్లోనూ రెండు తడవలే. ఆడ వెనకబడినోడు ముందున్న తనవాని కోసం తప్పుకోవడం వాడుక. రెండువేల రెండులో మాత్రం ప్రెసిడెంటు పదవికి పదహారు మంది నిలబడినారు. కూలోళ్ల పక్కన మాట్లాడేవాళ్లంతా వేరువేరుగా నిలబడి ఓట్లు చీల్చుకున్నారు. వాళ్లలో ఒకడైన ప్రధానమంత్రి మూడోవాడై పోయినాడు. పరాయి దేశాల నుంచి వచ్చిన కూలోళ్లను తరిమేయాలనేవాడు రెండోవాడుగా మిగిలినాడు. అప్పుడు జనం వీధుల్లోకి వచ్చినారు. మొదటోడుగా వచ్చిన పాత ప్రెసిడెంటు తమకు గిట్టకపోయినా ముక్కు మూసుకొని ఆయనకే ఓటేసి, వాణ్ని ఆపినారు.

"మన ఊరి సంగతి చూసుకోలేక ఫ్రాన్సు వరకూ పోతిమా" అన్నాడు సుంకప్ప. "ముందే కలిసుంటే ఆ ఏడుపెందుకు వాళ్లకు?"

"అదే సుంకప్ప మామా" అనింది ఉమాదేవి. "మనకు రెండో తడవ సర్కారు పెట్టదు. రెండు తడవలూ మనలో మనమే పెట్టుకుందాం. రెడ్డి ముందరికి ఒక్కరే పోవాల."

పొద్దు వాలేదాకా వాదులాడినారు. చేతులెత్తితే సరిపోతుందని మగవాళ్లు. చేతులెత్తితే మా ఇంట్లో మొగోడు చూస్తాడని ఆడవాళ్లు. ఆడవాళ్లే గెలిచినారు.

ఆదివారం ప్రార్థన అయినాక, యేసన్న వాడలో ఆ ప్రార్థన జరిగే రేకుల షెడ్డులోనే కూడినాము. ఆ షెడ్డులోకి మా వీధుల వాళ్లు అంతకుముందు కాలు పెట్టలేదు. కొందరు గుమ్మం దగ్గర తచ్చాడుతుంటే తిప్పమ్మ, ఎండలో మాడతారో లోపలికొస్తారో తేల్చుకోండప్పా అనింది. వచ్చినారు. చీర అడ్డం కట్టి వెనక మూడు కుండలు పెట్టినాము. సుంకప్ప కుండకు ఉన్ని పోగు, అంజినప్ప కుండకు కాడి తాడు, యేసన్న కుండ పక్కన రాయి ముక్క. ఫ్రాన్సులో ఓట్ల పెట్టె అద్దం లాంటిదట, లోపల ఏముందో అందరికీ కనపడుతుందట. మాకు అద్దం లేదు గనుక కుండలు ఖాళీవని ముందే బోర్లించి చూపించినాము. మనిషికొక చెనక్కాయ గింజ, ఎవరు కావాలో వాళ్ల కుండలో వెయ్యాల.

లెక్క పెడితే గింజలు తక్కువొచ్చినాయి. షెడ్డంతా గొడవ. ఎవడో రెడ్డి మనిషి దొంగిలించినాడని ఒకరు, కుండలో బొక్క ఉండాదని ఒకరు. చివరకు తిప్పమ్మ లేచి, "పొద్దుటినుంచి ఏమీ తిన్లేదు. నమిలేసినా" అనింది. ఆమె వెనక ఇంకో నలుగురు తలలు దించుకున్నారు. కరువులో గింజ చేతికిచ్చి తినొద్దంటే ఎట్లా? అంతమంది ఒకేసారి నవ్వగా నేను విని ఎన్నేండ్లయిందో. తినేసిన ఓట్లు కలిపినా లెక్క మారదని ఉమాదేవి చూపించింది. అంజినప్ప మొదట, యేసన్న తర్వాత, సుంకప్ప చివర. సగం ఎవరికీ దాటలేదు.

సుంకప్ప మొహం మాడ్చుకొని లేచినాడు. వాళ్ల కులపోళ్లే చెయ్యి పట్టుకొని, ఇంకో తడవ ఉండాది కూర్చోమన్నారు. "మీ ఫ్రాన్సును మీరే ఏలుకోండి" అని విదిలించుకొని పోయినాడు. ఆయన మనుషులు మాత్రం కూర్చున్నారు. మా ఊళ్లో కులపెద్ద లేచిపోతే కులం లేవకుండా ఉండటం అదే మొదలు.

రెండో తడవకు ముందు గొర్రెలోళ్ల ఆడవాళ్లు ఇద్దరినీ నిలబెట్టి, పని వస్తే ముందు ఎవరికిస్తారని అడిగినారు. భూమి లేనోళ్లకని నా కొడుకు అన్నాడు. మీ సేద్యగాళ్లు ఊరుకుంటారా అని అడిగితే, ఊరుకోరు అన్నాడు. యేసన్న వంతు వచ్చింది.

"మా వాడలో ఎవరికీ భూమి లేదు. ఊరుకోనిదానికి ఎవరుండారు?" అన్నాడు యేసన్న. "చెరువులోకి మిషన్ దిగితే ముందర నేను పండుకుంటా. అంతకుమించి నాకేం తెలీదు."

అందరికన్నా ముందు నవ్వింది అంజినప్పే. ఈసారి ఎవరూ తినకుండా చేదు కానుగ గింజలు పంచినాము. యేసన్నకు సగం దాటింది. నా కొడుకు తన కుండకున్న తాడు విప్పి యేసన్న కుండకు కట్టినాడు. నేను కూడా యేసన్నకే వేసినాను. ఇంటికి వస్తా ఆ మాట చెబితే, "తెలుసులేమా. నిలబడినోణ్నే కొడతారని నీ భయం" అన్నాడు.

సాయంత్రం సుంకప్ప పెండ్లాం ఏడ్చుకుంటా వచ్చింది. మొగుడు కోపంలో రెడ్డి తోటకు పోయి, అంజినప్పకే ఎక్కువ వచ్చినాయని చెప్పినాడంట. రెడ్డికి తెలిసింది ఒక తడవ ఓటే. రెండో తడవ ఉందని సుంకప్ప ఆయనకు చెప్పలేదు.

యేసన్న, బసప్ప, ఉమాదేవి, వీధికి ఇద్దరు చొప్పున మా ఇంటి ముందు కూర్చున్నారు. అందరం కలిసి ఊరేగింపుగా పోదామని బసప్ప అన్నాడు. దారిలో రాళ్లేసి చెదరగొట్టి నామినేషన్ కాగితం చింపుతారని మిగతావాళ్లు. అప్పుడు నా కొడుకు చెప్పినాడు.

"రెడ్డి జీపు నాకోసం చూస్తాంటాది. చూడనీ. నేను సంచి తగిలించుకొని బస్సెక్కుతా. యేసన్నను మీరు నీళ్లులేని వంకల్లో పడి తోడుకొని పోండి. బస్సులో జనం ముందర నన్నేం చేస్తారు?"

వద్దని యేసన్న గట్టిగా అన్నాడు. చాలాసేపు అన్నాడు. ఇద్దరు మనుషులను తోడు పంపుదామని చివరికి అందరూ ఒప్పుకున్నారు. నన్నెవరూ అడగలేదు. అడిగినా నా దగ్గర వేరే దారి లేదు.

ఆ సంచే నేను సర్దింది.

వంక దగ్గర బస్సును ఆపినారు. పోలీసు బట్టలేసుకున్నవాళ్లు ఎక్కి, చిన్న ఎంక్వయిరీ అని అంజినప్పను దింపినారు. తోడున్న ఇద్దరినీ లాఠీలతో వెనక్కి నెట్టినారు. జీపుకు నంబరు లేదంట. అదే సమయానికి యేసన్న, ముళ్లకంపల్లో చీరలు చించుకున్న మా ఆడవాళ్ల నడుమ నడిచి, బెళుగుప్ప మండలాఫీసులో నామినేషన్ వేసినాడు. తర్వాత రెడ్డి తెల్లబట్టల్లో వచ్చి యేసన్న పేరు విని, "ఈడెవడు? అంజినప్ప గదా" అన్నాడు. ఆ మాట తిప్పమ్మ విన్నది. అక్కడున్న అందరూ విన్నారు.

ఉపసంహరణ గడువు అయిపోయేదాకా మా వాళ్లు ఆ ఆఫీసు ముందరే కూర్చున్నారు, యేసన్నను నడిమధ్యలో పెట్టుకొని. మిగతావాళ్లం పోలీసుస్టేషన్ ముందర కూర్చున్నాము. బసప్ప లోపలికి పోయి నా కొడుకు యాడని అడిగితే ఆడున్న అధికారి కుర్చీలోంచి లేవలేదు. మేము ఎవరినీ తీసుకురాలేదు, బెంగళూరికి పోయింటాడు, మీ ఊరోళ్లందరూ పోయేదే కదా అన్నాడు. బయటికి వచ్చి బసప్ప ఆ మాట అందరికీ చెప్పినాడు. ఎండలో కూర్చున్న అంతమందిలో ఎవరూ లేవలేదు. ఆ రోజు నుంచి మా ఊరివాళ్లను పోలీసుజీపు చూపించి భయపెట్టడం కష్టమైంది.

సంచి వంకలో తుమ్మచెట్టుకు చిక్కుకొని దొరికింది. రొట్టెలు అట్లే ఉన్నాయి.

పోలింగు రోజు సుంకప్ప నా కాళ్ల దగ్గరికి వచ్చినాడు. నేను పక్కకు జరిగినాను.

"నా కాళ్లు వదులు. పెట్టె కాడికి పోయి కూర్చో. ఆఖరి ఓటు లెక్క పెట్టేదాకా లేవొద్దు" అన్నాను.

కూర్చున్నాడు. ఆడ ఫ్రాన్సులో ఓటేసినవాళ్లే బల్ల చుట్టూ చేరి ఓట్లు లెక్కపెడతారంట. మమ్మల్ని లెక్కపెట్టనివ్వలేదు గానీ, కిటికీలకూ గుమ్మానికీ ఊరంతా అంటుకొని నిలబడినాము. రెడ్డి ఓడిపోయినాడు. తొంభై అయిదులో ఆయనకు వచ్చినన్ని ఓట్లే ఇప్పుడూ వచ్చినాయి. మేమే చీలలేదు, అంతే.

ఎండాకాలం వచ్చినాక, పంచాయితీకి సంబంధం లేని కాంట్రాక్టంటూ రెడ్డి మళ్లీ చెరువు కట్ట మీదికి మిషన్ తెచ్చినాడు, పోలీసుల కాపలాతో. యేసన్న చెప్పినట్టే దాని ముందర పండుకున్నాడు. ఆయన పక్కన సుంకప్ప, ఆ పక్కన బసప్ప, తిప్పమ్మ, గొర్రెలోళ్లు, సేద్యగాళ్లు, వాడంతా. నేను ఆ సంచి భుజానికి తగిలించుకొని వాళ్ల మధ్య కూర్చున్నాను. డ్రైవరు ఇంజను ఆపి దిగి, నేను కూడా కూలోణ్నే అని చెట్టు నీడకు పోయినాడు. పోలీసులు మమ్మల్ని వ్యాన్లలో ఎక్కించినారు. ఎక్కించినకొద్దీ పారలు పట్టుకొని ఊళ్లోంచి ఇంకా కొందరు వచ్చి ఆ ఖాళీలో కూర్చున్నారు. మూడో నాటికి మిషన్ వెనక్కి పోయింది.

ఈ ఏడు బెంగళూరికి పోయినవాళ్లు తక్కువ. పోయినవాళ్లు తిరిగి వచ్చినారు.

నా కొడుకు అంజినప్ప రెండువేల ఆరు జులై పదిహేడు, సోమవారం పొద్దున బెళుగుప్ప బస్సెక్కినాడు. తిరిగి రాలేదు.