అంపారో రాయని పేరు

మా అంపారో నవలలు రాసినంత కాలం మా సాన్ ఓనోఫ్రె ఊళ్ళో ఒక్కడికీ భయం లేదు. పైగా పోటీ. రెండో నవల్లో ఆ గయ్యాళి వంటమనిషి ఉందే, అది మా అత్తే అని ఒకడు. కాదు, మా మేనత్త, ఆ మీసాలు చూడు అని ఇంకొకడు. రాజధానిలో పెద్దపెద్దవాళ్ళు దానికి బహుమతులిచ్చి చప్పట్లు కొడుతుంటే, ఇక్కడ మేము ఎవరు ఏ పాత్రో తేలక కొట్టుకు చచ్చేవాళ్ళం. దోన్ ఇలారియో అయితే బడి వీధికి దాని పేరే పెట్టించాడు. ఊళ్ళో సగం పొలాలు ఆయనవి, లారీలు ఆయనవి, పోలీసులూ ఆయనవాళ్ళే.

ఈ ఏడు అంపారో జ్ఞాపకాలు రాసింది. ఇది కథ కాదు, ఉన్నదున్నట్టు రాశాను అని మొదటి పేజీలోనే చెప్పుకుంది. ఇంకేముంది! అదిగో అది మేమే అని ఎగబడ్డవాళ్ళంతా ఈసారి మెల్లగా పేజీలు తిప్పి, మా పేరు లేదు కదా అని గుండెల మీద చెయ్యి వేసుకున్నారు.

నా పేరూ లేదు. నేను దొమితీలని. బజారులో రొట్టెల దుకాణం నాదే, మా నాన్న నుంచి వచ్చింది. అంపారో, నేనూ ఒకే బెంచీ మీద కూర్చున్నాం. అది చదువుకుంది, నేను పిండి పిసుక్కున్నాను.

ఆరోజు మతీయాస్ మంగలి షాపులో రొట్టెలు ఇచ్చి పోదామని వెళ్ళాను. అక్కడ మధ్యాహ్నంపూట ఆ పుస్తకం పైకి చదువుతున్నారు. చదివేది మందుల షాపు క్రిస్పీన్. వాడికి తన గొంతంటే మహా మోజు. కుర్చీలో దోన్ ఇలారియో వెనక్కి వాలి కళ్ళు మూసుకున్నాడు, ముఖమంతా సబ్బు నురగ. మతీయాస్ కత్తి పట్టుకుని గడ్డం గీస్తున్నాడు. నేను గుమ్మంలో బుట్ట దించుకున్నాను.

"ఫౌస్తో మాస్టారు ఎవరితోనూ లేచిపోలేదు," అని క్రిస్పీన్ చదివాడు. "రైతులకు పొలాలు కొలవడం నేర్పినందుకు ఆయన్ని కాల్చి చంపారు. ఎవరు కాల్చారో నేను రాయను. చూసిన పిల్ల ఇంకా ఆ ఊళ్ళోనే ఉంది. పునీతుని పండగ పూట ఆ పిల్ల మిద్దె ఎక్కి, చూసి, భయంతో కిందికి దిగలేకపోయింది. కింద పొయ్యిలో ఊరందరి పండగ రొట్టెలూ మాడిపోయాయి."

అంతా చదివి పకపకా నవ్వాడు వెధవ.

"రొట్టెలు మాడ్చిందంటే ఇంకెవరు, మన మాడు దొమి..."

అప్పుడు కనిపించాను వాడికి, గుమ్మంలో.

ఆ పేరు నాకు ఆ పండగకే పడింది. ఊరు మొత్తం నల్లటి రొట్టెలు తిని, నేను మిద్దె మీంచి ఎవడో కుర్రాడికి సైగలు చేస్తూ పొయ్యి మరిచిపోయానని తేల్చేశారు. నేనూ కాదనలేదు. అప్పట్నుంచీ నేను మాడు దొమితీలనే. నా పెళ్ళిలో పాదిరిగారు కూడా నోరు జారారు.

నురగలోంచి రెండు కళ్ళు తెరుచుకుని నన్ను చూశాయి. మతీయాస్ కత్తి పక్కన పెట్టేశాడు. బుట్ట అక్కడే వదిలేసి వచ్చేశానని ఇంటికొచ్చాక తెలిసింది.

"ఆపావేం క్రిస్పీన్?" అంటున్నాడు వెనక దోన్ ఇలారియో. "చదువు చదువు. బాగా రాసింది."

మర్నాడు పొద్దున్నే ఒతీలియా వచ్చింది. మాస్టారి కూతురు, బట్టలు కుట్టుకుని బతుకుతుంది. నాన్న ఎవత్తెనో తీసుకుని సరిహద్దు దాటి పోయాడని ఊరంతా అంటుంటే తలొంచుకుని పెరిగింది, తలొంచుకునే నడివయసు కూడా దాటేస్తోంది. ఆరోజు నల్లబట్టలు కట్టుకుని, నల్ల శాలువా కప్పుకుని, తలెత్తి నిలబడింది.

"దోన్యా దొమితీలా, మా నాన్న ఆత్మశాంతికి పూజ చెప్పించాను. లేచిపోయినవాడికి పూజ చెప్పరు కదండీ. పోయినవాళ్ళకే కదా!"

నవ్వింది. ఆ పిల్ల పళ్ళు నేనెప్పుడూ చూడలేదు. నన్ను ఒక్క మాట అడగలేదు. అడిగుంటే ఏదో ఒకటి తిట్టి పంపేదాన్ని. అడక్కుండా నన్ను చంపేసింది.

సాయంత్రం దోన్ ఇలారియో వచ్చాడు. లోపలికొస్తూ టోపీ తీశాడు. అంత మర్యాద ఆయన ఊరికే చెయ్యడు. నా ఒక్కగానొక్క కొడుకు నాబోర్‌కి ఆయన జ్ఞానతండ్రి, వాడు తోలేదీ ఆయన లారీయే. జ్ఞానస్నానానికి బిడ్డని నేను ఎత్తుకుంటాను అని తనే అన్నాడు. వద్దనడానికి మా ఆయనకి గుండె చాల్లేదు, నాకసలే లేదు. ఆ వరసతోనే నన్ను కొమాద్రె అని పిలుస్తాడు.

"తియ్య రొట్టెలు ఓ ఆరు కట్టు కొమాద్రె. మాడనివి చూసి."

కట్టాను. కాగితం చిరిగింది. ఇంకోటి తీశాను.

"అంపారో ఆదివారం వస్తోందట. బడి హాల్లో పుస్తకం చదువుతుందట. కుర్చీలు నేనే వేయిస్తున్నా."

"మంచిది దోన్ ఇలారియో."

"నువ్వు లేచి ఒక్క మాట చెప్పు. నేనేం చూళ్ళేదు, దానికి చిన్నప్పట్నుంచీ కట్టుకథలల్లే జబ్బుంది అను. జనం నవ్వుకుని ఇళ్ళకి పోతారు."

"నేనేదో చూశానని ఎవరన్నారండీ?"

"అదే కదా నేనూ అంటున్నా." పొట్లం అందుకున్నాడు. "నాబోర్ సోమవారం కలప వేసుకుని ఘాట్ దిగుతున్నాడు. పాపం, ఆ లారీకి బ్రేకులు సరిగా పడట్లేదు. బాగుచేయించాలి. ఆదివారం అవనీ, చూద్దాం."

వాడి నోట్లో మట్టి కొట్ట! లోపల అలా తిట్టుకుంటూనే గుమ్మం దాకా వెళ్ళి సాగనంపాను. నాబోర్ ఇంటికి రాగానే ఆ లారీ ఎక్కొద్దురా, ఒంట్లో బాగాలేదని చెప్పరా అని కాళ్ళావేళ్ళా పడ్డాను. వాడికేం తెలుసు? జ్ఞానతండ్రి చిన్నప్పుడు గుర్రం మీద తిప్పాడు, మొన్న బూట్లు కొనిచ్చాడు.

"నీకు చాదస్తం ఎక్కువైందమ్మా," అని నా బుగ్గ గిల్లి వెళ్ళి పడుకున్నాడు.

ఆదివారం హాలుకి వెళ్ళకముందే అంపారో నా వంటింటి తలుపు తట్టింది. జుట్టు పండిపోయింది, నడుం వంగింది. కౌగిలించుకోబోతే తోసేశాను.

"పేరు రాయలేదుగా దొమీ!"

"పేరు రాసినా బాగుండేదే తల్లీ! ఈ ఊళ్ళో దొమితీలలు నలుగురున్నారు. రొట్టెలు మాడ్చిందంటే మాత్రం పాలుతాగే పిల్లలక్కూడా నేనే."

"నాకేం తెలుసే? పండగ రాత్రి నువ్వు చూసింది నాకు చెప్పావు, మర్నాడే మా నాన్న నన్ను బస్సెక్కించేశాడు. నీకా పేరు పడిందని ఎవరైనా చెప్పారా?"

"ఇన్ని నవలలు రాశావే. ఒకదాంట్లో మాస్టార్ని సర్కసువాణ్ణి చేశావు, ఒకదాంట్లో డోలు వాయించేవాణ్ణి చేశావు. ఈసారీ అలాగే ఏదో చేసి ఏడవకపోయావా?"

"ముసలిదాన్నైపోయాను. పోయేలోపు ఒక్కసారి ఉన్నమాట రాయాలనిపించింది."

"నువ్వు రాసి పోతావు. నా కొడుకు పోతే?"

బ్రేకుల సంగతి చెప్పాను. అది కుర్చీలో కూలబడింది. కాఫీ కలిపిచ్చినా ముట్టుకోలేదు. ఏం చేస్తానని గానీ చెయ్యనని గానీ చెప్పకుండా కళ్ళు తుడుచుకుని వెళ్ళిపోయింది.

హాలు నిండిపోయింది. ముందు వరస మధ్యలో దోన్ ఇలారియో. ఆయన వెనక నా నాబోర్, ఆయన టోపీ చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. కిటికీ పక్కన ఒతీలియా నల్లబట్టల్లో, ఒళ్ళో పుస్తకం. ఆ పేజీ దగ్గర రిబ్బను పెట్టుకుంది. నేను చెప్పాల్సిన మాట లోపల్లోపల వల్లించుకుంటున్నాను. నేనేం చూళ్ళేదు, నేనేం చూళ్ళేదు. దోన్ ఇలారియో వెనక్కి తిరిగి నాకేసి చూసి తలాడించాడు, ఇక లే అన్నట్టు.

నేను లేవబోతుండగానే అంపారో పుస్తకం మూసేసింది.

"మీరు వినాలనుకుంటున్న అధ్యాయం నేను చదవను. అది అబద్ధం. నవలలు రాసి రాసి నా చెయ్యి చెడిపోయింది. మిద్దె మీద ఏ పిల్లా లేదు. మాస్టారు ఏమయ్యారో నాకు తెలియదు. నేనే అల్లాను. క్షమించండి."

అంత నున్నగా అబద్ధమాడటం నవలల్లో కూడా చూడలేదు. పేరున్న మనిషి, ఊరందరి ముందూ తన పరువు తనే తీసుకుంది. అమ్మయ్య, నాబోర్ బతికాడు! నా తల్లే, నా అంపారో! పరిగెత్తుకెళ్ళి దాని కాళ్ళ మీద పడాలనిపించింది.

దోన్ ఇలారియో చప్పట్లు కొట్టాడు.

"నేను చెప్పలా? మాస్టారు మంచి రసికుడు. ఈపాటికి అవతలి దేశంలో మనవల్ని ఆడిస్తుంటాడు!"

జనం నవ్వారు. ఆయన జోకేస్తే నవ్వడం మాకు అలవాటు.

ఒతీలియా నల్ల శాలువా తీసేసి మడత పెట్టుకోవడం మొదలుపెట్టింది. తల మళ్ళీ వంగిపోయింది. "పూజ కూడా చెప్పించేశానే," అంది పక్కావిడతో, సిగ్గుపడుతూ. "పాదిరిగారికి ఏం చెప్పను?"

కూర్చోవే పిచ్చిముండా, అని నన్ను నేను తిట్టుకున్నాను. నీ కొడుకు బతికాడు, నోరు మూసుకో. కాళ్ళు వినలేదు.

"శాలువా తియ్యకు ఒతీలియా."

నా గొంతు నాకే వినపడనంత సన్నగా వచ్చింది. మళ్ళీ అన్నాను, ఈసారి గట్టిగా.

"అంపారో నా కోసం అబద్ధమాడింది. నేను చూశాను. మీ నాన్న ఎవరితోనూ పోలేదు. చేతులు పైకెత్తి బతిమాలుతుంటే కాల్చాడు. మా మిద్దె మీంచి కనపడే తన దొడ్లోనే పాతిపెట్టాడు, మర్నాడు దానిమీద పశువుల నీళ్ళతొట్టి కట్టించాడు. ఇదిగో, ముందు వరసలో కూర్చున్నాడు. నా కొడుకు జ్ఞానతండ్రి."

దోన్ ఇలారియో లేచాడు. కోప్పడలేదు, కనీసం నావైపు చూడను కూడా లేదు. అరిచినా బాగుండేది.

"నాబోర్, బండి తియ్యి," అన్నాడు.

"వెళ్ళకురా నాన్నా!" అని అరిచాను. వాడు నన్ను చూశాడు, ఆయన్ని చూశాడు. నేను మనుషుల మధ్య ఇరుక్కుపోయాను, వాడి దాకా చేరలేకపోతున్నాను. నాకంటే ముందు ఒతీలియా వెళ్ళి వాడి మోచెయ్యి పట్టుకుంది.

"ఈ అబ్బాయి ఇవాళ మీతో రాడు," అంది. "మా నాన్నని తవ్వి తియ్యాలి. నాకు మగదిక్కు లేదు."

హాల్లో ఎవడో దగ్గాడు. తర్వాత మతీయాస్ లేచాడు. దోన్ ఇలారియో వైపు చూడకుండా, నేల చూపులు చూస్తూ అన్నాడు.

"గునపం మా ఇంట్లో ఉంది."

నాబోర్ ఆ టోపీని కుర్చీలో పెట్టేశాడు. నేను జనాన్ని తోసుకుంటూ వెళ్ళి వాడి చొక్కా పట్టుకున్నాను. దొడ్డి దాకా వదల్లేదు.